తాత్రా కొండల్లో మా తాత కేక

పోలండు నుంచి సింగపూర్‌లోని మా పాసిర్ రిస్ ఫ్లాటుకి ఒక మనిషి పనిగట్టుకుని వస్తుందని నేనెప్పుడూ అనుకోలేదు. వచ్చింది. పేరు మార్తా. ముప్ఫై ఏళ్లుంటాయేమో. వన్-నార్త్ ఆఫీసుల పేటలో ఏదో సదస్సుకి వచ్చి, ఒక పూట ఖాళీ చేసుకుని మా ఇల్లు వెతుక్కుంటూ వచ్చింది. చెప్పులు గుమ్మం బయటే విప్పింది. అది చూసి మా నాన్న "మంచి పెంపకం" అని సర్టిఫికెట్ ఇచ్చేసి, వాకర్ తోసుకుంటూ తన గదిలోకి వెళ్లి పడుకున్నాడు. ఆయనకి ఎనభై ఎనిమిది. ఒక చెవికి మిషను పెట్టుకుంటాడు, రెండో చెవి మిషను ఎక్కడ పెట్టాడో వెతుక్కుంటాడు.

మార్తా పనిచేసేది తాత్రా కొండల్లో ఒక చిన్న ఊరి మ్యూజియంలో. అక్కడి జనాన్ని గురాలె అంటారు, అంటే కొండవాళ్లు. గొర్రెలు కాస్తారు, జున్ను పొగబెడతారు, ఫిడేళ్లు వాయిస్తారు. ఈ మధ్య ఎక్కువమంది హోటళ్లు నడుపుతున్నారట. పాత పద్ధతులు ఎలా ఉండేవో చూపించడానికి వాళ్లకి మిగిలింది ఒకటే డాక్యుమెంటరీ. ఆ ఊరి ఆడపడుచు ఒకావిడ ఎప్పుడో తీసింది. దాన్నిప్పుడు కంప్యూటర్లో శుభ్రం చేస్తున్నారు. సినిమా చివర వచ్చే పేర్లన్నీ పోలిష్ పేర్లే, ఒక్కటి తప్ప. శబ్దం: పైడమ్మ. ఆ పైడమ్మని పట్టుకోవడానికి వాళ్లకి రెండేళ్లు పట్టింది. దొరికాక చూస్తే, జుట్టుకి రంగు వేయడం మానేసిన ఒక రిటైరైన ఆడమనిషి, చేతిలో గరిటెతో నేను.

లాప్‌టాప్ మా భోజనాల బల్ల మీద పెట్టి ఒక ముక్క చూపించింది. కొండ అంచున ఒక ముసలాయన, మనవైపు వీపు పెట్టి నిలబడ్డాడు. తల మీద గుండ్రటి టోపీ, చేతిలో కర్ర. కింద లోయ నిండా మంచు పొగ. అప్పుడు కేక. "హో... ఓ... ఓయ్ లచ్చీ... దా... దా... లచ్చియో..."

"ఈ పిలుపు ఇంకే ఊళ్లోనూ లేదు, ఇంకే రికార్డులోనూ లేదు. మా ప్రొఫెసర్ గారు దీనిమీద పెద్ద వ్యాసం రాశారు. 'లచీ' అన్నది లాటిన్‌లో పాలకున్న మాట నుంచి వచ్చిందట. వందల ఏళ్ల కింద దక్షిణాన్నుంచి వచ్చిన కాపరులు తెచ్చి ఉంటారట. ప్రతి వేసవిలో పిల్లలకి ఇది నేర్పిస్తున్నాం," అంది మార్తా, కళ్లు మెరుస్తుండగా. "ఒరిజినల్ టేపు మీ దగ్గరేమైనా ఉందా?"

"టీ పెడతాను," అని నేను వంటగదిలోకి వచ్చేశాను.

లచ్చి అంటే పాలు కాదు. లచ్చి ఒక ఆవు. ఎర్రావు, నుదుట చారెడు తెలుపు, ఒక కొమ్ము కొంచెం లోపలికి వంగి ఉండేది. మలేషియాలో పేరా రాష్ట్రంలో ఒక కొబ్బరి ఎస్టేటు మా పెద్దల ఊరు. ఊరంటే రెండు వరసల కూలి ఇళ్లు, ఒక రాములవారి గుడి, ఒక కల్లు దుకాణం. శ్రీకాకుళం వైపు నుంచి ఓడెక్కి వచ్చిన వాళ్లు అక్కడే పిల్లల్ని కని, వాళ్లకి వాళ్లకి పెళ్లిళ్లు చేసుకుని, శ్రీకాకుళంలో కూడా జనం మర్చిపోయిన మాటల్ని అక్కడ జాగ్రత్తగా దాచుకున్నారు. దాస్తున్నామని వాళ్లకి తెలీదు. వేరే మాటలు రావు, అంతే. మా తాత అప్పలస్వామి ఎస్టేటు పని చేస్తూనే లచ్చిని సాకి, ఆ కూలి ఇళ్ల లైన్లలో పాలు పోసేవాడు. సాయంత్రం ఆయన కేకేస్తే కొబ్బరి తోట అవతలి నుంచి లచ్చి వచ్చేదట. ఇది నేను చూడలేదు. నేను పుట్టక ముందే నాన్న దక్షిణానికి వచ్చేసి సింగపూర్ రేవులో పనికి కుదిరాడు, ఓడ మీద నిలబడి క్రేన్ నడిపేవాడికి సైగలు చేసి, కేకేసి చెప్పే పని.

మా మామ్మ పోయాక నాన్న వెళ్లి తాతని బెడోక్‌లోని మా ఎనిమిదో అంతస్తు ఫ్లాటుకి తీసుకొచ్చాడు. "ఒక్క నెల ఉండి ఎల్దువులే," అన్నాడు. ఆ నెలలోనే నాన్న ఒక్కడే మళ్లీ ఎస్టేటుకి వెళ్లి, ఇల్లు మేనేజరుకి అప్పగించి, లచ్చిని ఎవరికో అమ్మేసి వచ్చాడు. తాతకి ఈ సంగతి నాన్న చెప్పలేదు. పెళ్లి పిలుపుకి వచ్చిన ఎస్టేటు చుట్టం చెప్పాడు. తాత ఆ రోజు నుంచి నాన్నతో ఏం చెప్పాలన్నా నాతో చెప్పేవాడు, నాన్న ఎదురుగానే కూర్చుని. "మీ నాన్నకి సెప్పు గుంటా, కూరలో ఉప్పు సాల్నేదని." నాన్న కూడా నాతోనే అనేవాడు, "ఉప్పు డబ్బా అక్కడే ఉన్నాది, ఏసుకోమను." ఇలా నేను తెలుగు నుంచి తెలుగులోకి అనువాదం చేస్తూ పెరిగాను. తర్వాత రోజుల్లో టీవీ ప్రోగ్రాములకి డబ్బింగు పని దొరికినప్పుడు పెద్ద కష్టమనిపించలేదు.

తాత తెల్లవారకముందే లేచేవాడు. అది పాలు పితికే వేళ. పితకడానికి ఏమీ లేదు గనక వరండా కడిగేవాడు. పేడనీళ్లు చల్లే చోటు కాదు గనక ఫినాయిల్ నీళ్లు చల్లేవాడు. ఇప్పటికీ ఫినాయిల్ వాసన తగిలితే నాకు భక్తి కలుగుతుంది. తర్వాత చన్నీళ్ల స్నానం, నుదుట బొట్టు, అమ్మ గుడ్డ సంచిలో వడకట్టిన కాఫీ సాసరులో పోసుకుని ఊదుకుంటూ తాగడం. పక్కింటి మలయ్ ఆవిడ రొయ్యల ముద్ద వేయించే ఘాటూ, మా అమ్మ ఎండుచేపల పులుసు ఘాటూ వరండాలో కొట్లాడుకునే వేళకి తాత లిఫ్టులో కిందికి దిగేవాడు. కింద గడ్డి కోసే మిషన్లు వచ్చేవి. కోసిన పచ్చిగడ్డిని నల్ల సంచుల్లోకి కుక్కి లారీ ఎక్కించేవాళ్లు. తాత నడుం మీద చేతులు పెట్టుకుని చూసేవాడు. "ఓలమ్మ, ఇంత గడ్డి! సంచుల్లో కట్టి పారేస్తన్నారేటి? ఈ దేసంలో సెప్పీవోడు లేడేటి?" ఒక్కోసారి ఉండబట్టలేక ఒక మోపు చంకన పెట్టుకుని లిఫ్టెక్కేవాడు. ఆంటీలు పక్కకి జరిగేవాళ్లు. ఆ గడ్డి మా వరండాలో నాలుగు రోజులు ఎండి, ఇల్లంతా పశువుల కొట్టం వాసన వేసేది. అయిదో రోజు అమ్మ దాన్ని చెత్త గొట్టంలో వేసేసేది. తాత అడిగేవాడు కాదు, అమ్మ చెప్పేది కాదు. మళ్లీ గడ్డి కోసే రోజు వచ్చేది.

నాకప్పుడు ఇరవై రెండేళ్లు. రేడియో రిపేరు కోర్సు చదివి, పాయా లేబార్‌లో ఒక ఫ్యాక్టరీ బిల్డింగు అయిదో అంతస్తులో ఉన్న చిన్న స్టూడియోలో సౌండు పనికి చేరాను. సబ్బులూ నూడుల్సూ పౌడర్ల ప్రకటనలు చేసేవాళ్లం. మనుషులకి కాదు, మిషన్లకి చల్లదనం కావాలని ఏసీ అంత జోరుగా పెట్టేవాళ్లు. నేను నాన్న రేవు జాకెట్టు తొడుక్కుని కూర్చునేదాన్ని. అక్కడికి ఖాళీ వేళల్లో ఎడిటింగు చేసుకోవడానికి వచ్చేది హలీనా. ఆమె భర్త షిప్‌యార్డులో ఇంజినీరు. యాభై ఏళ్ల పొడగరి, మగవాళ్లంత పెద్ద చేతులు. సినిమా తీయడం చదువుకున్న మనిషి. పెళ్లి చేసుకుని మొగుడి వెంట రేవు రేవుకీ తిరుగుతూ, సెలవుల్లో సొంత ఊరికి వెళ్లినప్పుడల్లా అక్కడి కాపర్ల బతుకుని కొంచెం కొంచెంగా చిత్రించుకుంది. "వీళ్లు పోతే ఇంకెవరూ ఉండరు పైడా," అనేది. నా పేరు ఆమె నోట్లో ఎప్పుడూ సగమే పట్టేది.

ఆ సినిమా కోసం ఆమె చేసిన పనులు చెబుతుంటే నాకు కళ్లు తిరిగేవి. ఇళ్ల మీది టీవీ యాంటెనాలు పీకించిందట. కాపర్ల చేతి గడియారాలన్నీ ఒక సంచిలో వేసి తన దగ్గర పెట్టుకుందట. పాలు పితికే ఎర్ర ప్లాస్టిక్ బకెట్లు తీయించి, ఎవరి అటక మీదో ఉన్న చెక్క బాల్చీలు దింపించిందట. సినిమాలో కనిపించే పెళ్లికూతురికి అప్పటికే ఇద్దరు పిల్లలు.

"మరి ఇది నిజమెలా అవుతుంది?" అనడిగాను.

"పెళ్లి నిజంగానే అయింది," అంది హలీనా తాపీగా. "నేను తీసినప్పుడు కాలేదు, అంతే."

ఆ సినిమాకి ప్రాణం ఒక ముసలి కాపరి. పేరు యాషెక్, హలీనాకి సొంత మేనమామ. కొండ అంచున నిలబడి గొర్రెల్ని పిలుస్తాడు. బొమ్మ ఫిల్ము మీద ఉంది, గొంతు వేరే టేపు మీద ఉంది. షూటింగయిన చలికాలంలోనే ఆయన పోయాడు. ఆ టేపుని ఎడిటింగుకి పనికొచ్చేలా మార్చే పని నాది. డబ్బా మీద పోలిష్‌లో ఏదో రాసి ఉంది. నేను దాన్ని చెరిపి మళ్లీ వాడుకునే టేపుల వరసలో పెట్టాను. మర్నాడు చెమటపొక్కుల పౌడరు పాట రికార్డు చేయాల్సొచ్చి చేతికందిన టేపు ఎక్కించాను. మూడు భాషల్లో పద్నాలుగుసార్లు పాడించాం. సాయంత్రం డబ్బా మీద రాత చూసుకున్నాక నాకు ఒళ్లంతా చల్లబడింది. ఆ చల్లదనం ఏసీది కాదు, పౌడరుది కాదు. తాత్రా కొండల్లో వందల ఏళ్లుగా బతికి, ఒక ముసలాయన గొంతులో చివరికి మిగిలిన పిలుపు, నా వేలి కింద పౌడరు పాటగా మారిపోయింది.

వారం రోజులు హలీనా ఎదురుపడకుండా తప్పించుకు తిరిగాను. ఇంట్లో అన్నం సయించలేదు. చివరికి ఒకరోజు వరండాలో గడ్డి ఆరబెడుతున్న తాత పక్కన కూర్చుని, "తాతా, తప్పు చేశాను. ఒక ముసలాయన గొంతు చెరిపేశాను. ఆయన చచ్చిపోయాడు, మళ్లీ దొరకదు," అన్నాను.

"సెరిపీసినావా? పలక మీద రాతలాగ?"

"అలాగే."

"ఏటి పాడినాడు?"

"పాడలేదు. గొర్రెల్ని పిలిచాడు."

తాత ముఖంలో సానుభూతి ఒక్కసారిగా తగ్గిపోయింది. "గొర్రెలా! గొర్రెల్ని పిలవడమేటే? ఒకటి కదిల్తే అన్నీ కదుల్తాయి. పిలవాలంటే ఆవుని పిలవాల. దానికో పేరుండాల. దానికి మన మీద మనసుండాల."

"అయితే ఆవుని పిలిచినట్టే పిలువు తాతా. నేను రికార్డు చేసుకుంటాను. ఆయన వీపే కనిపిస్తుంది, నోరు కనిపించదు."

"ఆవేదీ?" అన్నాడు తాత. అంతటితో లేచి లోపలికి వెళ్లిపోయాడు. రెండు రోజులు నాతో కూడా మాట్లాడలేదు. ఇంట్లో అనువాదం ఆగిపోయి, ఉప్పు చాలకపోయినా ఎవరూ ఎవరికీ చెప్పలేదు. మూడో రోజు ఆదివారం. పొద్దున్నే మెడ దాకా గుండీలు పెట్టిన చొక్కా వేసుకుని నా గది ముందు నిలబడ్డాడు. "పద. ఎక్కడ అరవాల?"

బస్సెక్కి పాసిర్ రిస్ బీచికి వెళ్లాం. అప్పుడక్కడ ఇన్ని ఫ్లాట్లు లేవు. ఇసుకా, చెట్లూ, నీళ్లూ, నాలుగు నిమిషాలకోసారి చాంగి నుంచి లేచే విమానమూ. తాత మొదటిసారి పిలిచింది ఎవరినో టైమడిగినట్టుంది. రెండోసారి పిలుస్తుండగా విమానం వచ్చింది. ఆయన తల పైకెత్తి అది పోయేదాకా కోపంగా చూసి, "గుంటా, నువ్వు అటేపు తిరుగు. మనిసి సూస్తంటే రాదు," అన్నాడు. నేను చెట్ల వైపు తిరిగి, భుజాన ఉన్న రికార్డింగు మిషను మీది ముల్లునే చూస్తూ నిలబడ్డాను.

అప్పుడు వచ్చింది. ముల్లు ఎర్ర గీత దాటి అవతల గోడకి కొట్టుకుంది. ఆ బక్క ఒంట్లో అంత గొంతు ఎక్కడుందో నాకిప్పటికీ తెలీదు. "హో... ఓ... ఓయ్ లచ్చీ..." మొదట దూరంగా పోయింది. "దా... దా..." అన్నప్పుడు దగ్గరికొచ్చింది. "లచ్చియో..." అన్నది ఇక పిలుపులా లేదు, బతిమాలినట్టుంది. వ్యాయామం చేస్తున్న ఒకావిడ చేతులు గాల్లో పెట్టుకుని ఆగిపోయింది. చెట్టు కింద పడుకున్న రెండు కుక్కలు లేచాయి. వెనక్కి తిరిగి చూస్తే తాత కళ్లకి చెయ్యి అడ్డం పెట్టుకుని మడ చెట్ల వైపు చూస్తున్నాడు. పిలిచాక ఆవు రావడానికి ఎంతసేపు పడుతుందో అంతసేపూ అలాగే నిలబడ్డాడు. నేను మిషను ఆపాల్సింది. ఆపలేదు. టేపు తిరుగుతూనే ఉంది. కాసేపటికి కండువాతో మొహం తుడుచుకుని, "పద, ఎండెక్కినాది," అన్నాడు. బస్సు దిగేటప్పుడు, "ఆ ముసలోడి పేరేటన్నావు?" అనడిగాడు. యాషెక్ అని చెప్పాను. తలూపాడు.

కొండల ప్రతిధ్వని కోసం ఆ టేపుని మా బిల్డింగు మెట్ల దారిలో మోగించి మళ్లీ రికార్డు చేశాను. సిమెంటు మెట్లు అచ్చం లోయలాగే పలికాయి. బొమ్మకి జత చేసి హలీనాకి చూపించాను. ఆమె కదలకుండా చూసింది. మళ్లీ వేయమంది. మళ్లీ చూసింది. నాకు నోరాగలేదు. పౌడరు పాట దగ్గర్నుంచి మొత్తం చెప్పేశాను. ఆమె నన్ను తిట్టలేదు. లేచి, సంచి తీసుకుని, తలుపు చప్పుడు కాకుండా వేసి వెళ్లిపోయింది. అంత మెల్లగా వేసిన తలుపు చప్పుడు నేను ఎక్కడా వినలేదు.

తొమ్మిది రోజుల తర్వాత వచ్చింది, చేతిలో కాయితంలో చుట్టిన జున్ను పట్టుకుని. "నువ్వు చెప్పకముందే నాకు తెలిసిపోయింది. మా మామయ్యకి రెండో కేక దాకా దమ్ము ఉండేది కాదు, అంత పైపు తాగేవాడు. నిన్ను కొట్టాలనిపించింది," అంది. "కానీ అది విన్నాక నాకు ఇంటికి పోవాలనిపించింది. మామయ్య పిలిచినప్పుడు ఎప్పుడూ అలా అనిపించలేదు. ఆయనెవరు? నన్ను తీసుకెళ్లు."

మా ఫ్లాటులో ఆ రోజు అమ్మ పాత దుప్పట్లన్నీ తీసి సోఫాకి కప్పింది. హలీనా తాత పక్కన కూర్చుని జున్ను ముక్క కోసి ఇచ్చింది. పొగ వాసన వేస్తూ, చెక్కలా గట్టిగా, ఉప్పుగా ఉంది. తాత చాలాసేపు నమిలి తీర్పు చెప్పాడు. "పాలు ఇరిగిపోతే పారీకుండా ఇలాగ సేసుకున్నారన్నమాట. తెలివైనోళ్లే." నేను దాన్ని "చాలా బాగుందంటున్నాడు" అని అనువదించాను. తర్వాత ఆమె మేనమామ సంగతి చెప్పాను. తాత అంతా విని ఒకటే అడిగాడు. "అతగాడి గొర్రెల్ని ఇప్పుడెవులు సూస్తన్నారు?"

నేను చెప్పగానే హలీనా ముఖం మారిపోయింది. "అమ్మేశారు," అంది. "అంత్యక్రియలకి ఊరంతా వచ్చింది. ఈ మాట ఒక్కరూ అడగలేదు." ఆ పెద్ద చేతుల్లో ముఖం దాచుకుని ఏడ్చింది. తాత ఆమె తల మీద చెయ్యి వేశాడు. సరిగ్గా అప్పుడే నాన్న రేవు నుంచి వచ్చి గుమ్మంలో నిలబడ్డాడు. తాత ఎన్నాళ్లకో నాన్న కళ్లలోకి చూసి, "సూడు, ఈ అమ్మోల్లవీ అమ్మీసినారంట," అన్నాడు. నాన్న స్నానాల గదిలోకి వెళ్లి చాలాసేపు నీళ్లు పోసుకున్నాడు.

హలీనా సినిమా పూర్తి చేసి, టేపులన్నీ మూట కట్టుకుని, మొగుడితో పాటు ఇంకో రేవుకి వెళ్లిపోయింది. ఏడాదికో ఉత్తరం రాసేది. తర్వాత ఉత్తరాలు ఆగిపోయాయి. వెళ్లే ముందు ఒక కాపీ ఇస్తానంది. నేను నాన్నని అడిగాను, తాత గొంతు ఉంటుంది, తీసుకుందామా అని. "నాకొద్దు," అన్నాడు నాన్న. తాత పోయిన తర్వాత కూడా ఆ మాట మీదే ఉన్నాడు. అలా మా తాత గొంతు మా ఇంట్లో లేకుండా పోలండు కొండల్లో భద్రంగా ఉండిపోయింది.

నేను మాత్రం ఆ పని వదల్లేదు. ముప్ఫై ఏళ్లకి పైగా శబ్దాలు అమ్ముకుని బతికాను. చివరి పదేళ్లు వన్-నార్త్‌లో, గాజు గోడల ఆఫీసులో, మన వారసత్వం, మన పాత ఊళ్లు అంటూ చిన్న చిన్న సినిమాలు చేశాం. వాటిలో పాత కాంపోంగ్ ఊరి కోడి కూత వినిపించి చాలామంది పెద్దవాళ్లు కళ్లు తుడుచుకున్నారు. అది శబ్దాల దుకాణంలో కొనుక్కున్న అమెరికా కోడి. ఆ రోజుల్లో ఒక గొంతు దక్కించుకోవాలంటే అయిదు కిలోల మిషను భుజాన వేసుకుని బస్సెక్కాల్సి వచ్చేది, చెరిపేస్తే వారం అన్నం సయించేది కాదు. ఇప్పుడు నా ఫోనులో మా అబ్బాయి కూతురు వీడియోలు వేల సంఖ్యలో ఉన్నాయి. ఫోను నిండినప్పుడల్లా కొన్ని చెరిపేస్తుంటాను. అన్నం బాగానే తింటున్నాను.

టీ మరిగి మరిగి నల్లబడింది. హాల్లో మార్తా ఆ ముక్కని మళ్లీ వేసింది, ఈసారి గట్టిగా. "ఓయ్ లచ్చీ..." నేను కప్పులు పట్టుకుని బయటికొచ్చేసరికి నాన్న తన గది గుమ్మంలో వాకర్ పట్టుకుని నిలబడి ఉన్నాడు. నిద్రలోంచి లేచొచ్చిన ముఖం.

"లచ్చిని అమ్మీసినాం కదా," అన్నాడు. "ఇంకా పిలుస్తాడేటి?"

నాన్న మెల్లగా బల్ల దగ్గరికి వచ్చి తెర మీద టోపీ పెట్టుకున్న వీపుని చూశాడు. "ఇతగాడెవులు? నాన్న గొంతు ఇతగాడి కాడికి ఎలాగెల్లినాది?"

క్లయింట్ల ముందు ఎన్ని కోళ్లనైనా మార్చగలిగాను గానీ, నాన్న ముందు ఆ పని నా వల్ల కాలేదు. మార్తాకి అంతా చెప్పాను. ఆమె లాప్‌టాప్ మూసేసి చాలాసేపు దాని మీదే చేతులు పెట్టుకుని కూర్చుంది. తర్వాత ఒక్కొక్కటే గుర్తు చేసుకుంది. పిల్లల పాఠం పుస్తకం అచ్చయింది. మ్యూజియం గుమ్మం మీద ఆ పిలుపుని చెక్క మీద చెక్కించారు. ప్రొఫెసర్ గారి ఆరోగ్యం అంతంత మాత్రం. "చెప్పకుండా ఉండిపోవచ్చంటారా?" అనడిగింది నన్ను, ఆశగా.

"ఏటంతంది?" అన్నాడు నాన్న. చెప్పాను. నాన్న చెయ్యి అడ్డంగా ఊపి, "ఆ అమ్మకి సెప్పు, అది నాన్నది కూడా కాదని," అన్నాడు.

నేను టీ కప్పు కింద పెట్టేశాను. "అదేంటి నాన్నా?"

"ఎస్టేటు బయట ఒక పంజాబీవోడు, అందరూ బాయి అనీవోరు, ఆవుల్ని కాసీవోడు. నాన్న లచ్చిని కొన్నది అతగాడి కాడే. కొత్తలో నాన్న ఎలాగ పిలిసినా అది వచ్చీది కాదు. బాయి పిలిస్తే వచ్చీది. అందుకని ఎల్లి అతగాడి రాగం నేర్సుకొచ్చి, మజ్జిలో లచ్చి పేరెట్టినాడు."

మార్తా తేరుకుని పెన్ను తీసింది. "ఆ బాయి పేరేంటి? ఆయనెక్కడ నేర్చుకున్నాడు?"

నాన్న ఆ ప్రశ్న విని ఆమెని జాలిగా చూశాడు. "అది ఆవునడగాల," అన్నాడు. నేను ఈసారి ఉన్నదున్నట్టే అనువదించాను. మార్తా నవ్వడం మొదలుపెట్టి, ఆపుకోలేక కళ్లు తుడుచుకుంది. నాన్న కూడా నవ్వాడు. తర్వాత ఇద్దరూ కలిసి ఆ ముక్కని ఇంకో నాలుగుసార్లు చూశారు.

మార్తా ఊరెళ్లాక ఉత్తరం రాసింది. సినిమా చివర కొత్త వరస చేర్చారు: రూపం యాషెక్, గొంతు అప్పలస్వామి. చెక్క మీద చెక్కింది తీయలేదు, బాగుంది గనక. పిల్లలకి నేర్పడం కూడా ఆపలేదు, వాళ్లకి ఇష్టం గనక. ప్రొఫెసర్ గారికి భయపడుతూనే చెప్పారట. ఆయన రెండు రోజులు మంచం దిగలేదు. మూడో రోజు లేచి కూర్చుని, వెయ్యేళ్ల కింద జిప్సీలనే రోమా జనం యూరపుకి బయల్దేరింది పంజాబు వైపు నుంచే కదా, కాబట్టి ఈ పిలుపు తన సొంత కొండలకే చుట్టుదారిలో తిరిగొచ్చిందని రెండో వ్యాసం మొదలుపెట్టారు. మొదటిదాని కంటే పెద్దదవుతుందట. ఆరోగ్యం బాగుపడిందట.

ఆ ఉత్తరం చదివి వినిపించిన మధ్యాహ్నం నేను ఫోను బల్ల మీద పెట్టి, "నాన్నా, నువ్వు కూడా పిలువు. రికార్డు చేస్తాను," అన్నాను.

"నాకు రాదు," అన్నాడు. "నానెప్పుడూ దాన్ని పిలవనేదు. స్కూల్లో నన్ను పాలోడి కొడుకనీవోరు. ఆవంటేనే సిగ్గు నాకు." కిటికీ వైపు తిరిగాడు. "అమ్మీసిన రోజు అది నా ఎనకాల వచ్చీసినాది గుంటా. నాను తాడు కూడా లాగనేదు."

ఆ మాట ఆయన నాతో ఎప్పుడూ అనలేదు. ఫోను రికార్డు చేస్తూనే ఉంది.

"నాకొచ్చింది ఒకటే," అంటూ నాన్న వాకర్ పట్టుకుని లేచాడు. కుడి చెయ్యి వదిలి, అరచెయ్యి కిందికి పెట్టి, గాల్లోకి ఎత్తాడు. నడుం నిటారుగా అయింది. ముప్ఫై ఏళ్లు ఓడల మీద గాలినీ ఇంజన్లనీ దాటుకుని క్రేన్ కొక్కెం దాకా వెళ్లిన గొంతు ఒక్కసారిగా ఇల్లంతా నిండింది.

"తురున్... తురున్... సికిత్ లాగి... సికిత్ లాగి..."

రేవులో క్రేన్ వాడికి చెప్పే మలయ్ మాటలు: కిందికి, కిందికి, ఇంకొంచెం, ఇంకొంచెం. ఎదురింటి మలయ్ ఆవిడ గబగబా వచ్చి గ్రిల్లు తలుపు తీసింది. నాన్న అరచెయ్యి కిందికి దిగుతోంది. మాటలు ఆవిడకి అర్థమయ్యాయి. రెండడుగులు వెనక్కి వేసి, ఏం దిగుతోందో చూద్దామని, భయంగా పైకి చూసింది.